పక్కవాద్యంగా బాంజో: బేలా ఫ్లెక్ ఆఫ్రికా ఆల్బమ్‌పై ప్రసంగం

సభకు నమస్కారం.

ఈ సాయంత్రం నేను ఒకే ఒక ఆల్బమ్ గురించి మాట్లాడదలచుకున్నాను. అమెరికన్ బాంజో వాద్యకారుడు బేలా ఫ్లెక్ 2009లో వెలువరించిన ‘త్రో డౌన్ యువర్ హార్ట్’ అనే ఆ ఆల్బమ్‌లో 18 రచనలున్నాయి. ఉగాండా పల్లె స్త్రీల బృందగానం, టాంజానియా బొటనవేలి వాద్యం, మాలీ దేశపు వంశపారంపర్య గాయకుల సంప్రదాయం, మడగాస్కర్ గిటార్, దక్షిణాఫ్రికా పాట, ఇలా ఒకదానితో ఒకటి సులువుగా పొసగని సంగీతరీతులు అందులో పక్కపక్కనే వినిపిస్తాయి. ఒకే వాద్యాన్ని అనేక శైలుల్లో వాయించి చూపిన రికార్డులు లోకంలో కొత్త కాదు. వాటిలో చాలా వాటికి వాద్యకారుడి చేతివాటం చూపించడమే పరమార్థం కాబట్టి, శైలులు మారుతున్నా మన చెవి ఆ ఒక్క మనిషి వేళ్ల మీదనే నిలిచి ఉంటుంది. ఈ ఆల్బమ్‌ను నేను విడిగా ఎంచుకోవడానికి కారణం దీనికి సరిగ్గా ఎదురుగా ఉంది. తన వాద్యంలో సాటిలేని వాడని పేరుపొందిన కళాకారుడు ఇందులో ఎక్కువ చోట్ల పక్కవాద్యకారుడిగా కూర్చున్నాడు. కచేరీ మర్యాద ఎరిగిన మనకు ఆ స్థానం ఎంత కష్టమైనదో వేరుగా చెప్పనక్కరలేదు. గాయకుడు ఊపిరి తీసుకునే క్షణమేదో తెలియాలి, ఆయన నోట వచ్చిన సంగతిని అందుకోవాలి, అందుకున్నది ఎక్కడ వదిలిపెట్టాలో అంతకన్నా బాగా తెలియాలి. బాంజో అనే వాద్యం ఆ పని ఎలా చేసింది, దాని నిర్మాణం అందుకు ఎంతవరకు సహకరించింది, ఎక్కడ అడ్డు నిలిచింది అన్నదే నా ప్రసంగ విషయం.

ముందుగా వాద్యం సంగతి చూద్దాం. మన దేశంలో చాలాచోట్ల బాంజో అనగానే టైపురైటర్ మీటల వంటి మీటలున్న బుల్‌బుల్ తరంగ్ గుర్తుకు వస్తుంది. అది 1912లో జపానులో రూపొందిన తైషోగోతో అనే వాద్యం నుంచి మనకు వచ్చినది. నేను చెప్పబోయే అమెరికన్ బాంజో వేరు. ఒక గుండ్రని చట్రానికి డప్పులాగా బిగించిన చర్మం, ఈ కాలంలోనైతే ప్లాస్టిక్ పొర, దానికి అమర్చిన పొడవాటి మెడ, మెట్లు, ఐదు తీగలు ఉంటాయి. తీగ మీటినప్పుడు పుట్టిన కదలిక, తీగలను మోసే గుర్రం అనే చిన్న చెక్క వంతెన ద్వారా ఆ పలచని పొర మీదికి దిగుతుంది. పొర చాలా తేలిక కనుక ఆ శక్తినంతటినీ ఒక్కసారిగా గాలిలోకి విసిరివేస్తుంది. అందువల్లనే బాంజో నాదం మొదట గట్టిగా, స్పష్టంగా పలికి, వెంటనే ఆరిపోతుంది. వీణ తీగ ఒక్క మీటుతో మూడు నాలుగు స్వరాల గమకాన్ని మోయగలదు. బాంజో తీగకు అంత ఆయువు లేదు. ఈ లక్షణాన్ని మీరు గుర్తుంచుకోవాలని కోరుతున్నాను, ఎందుకంటే ఈ ఆల్బమ్‌లోని మంచి చెడులు చాలావరకు దీని నుంచే పుట్టాయి.

రెండవ ప్రత్యేకత ఐదవ తీగ. అది మిగిలిన నాలుగింటికన్నా పొట్టిది. దాని బిరడ మెడ చివర కాక, మెడ పక్కన ఐదవ మెట్టు దగ్గర ఉంటుంది. వాయించేవాడి బొటనవేలికి అన్నిటికన్నా దగ్గరగా ఉండే ఈ తీగ స్థాయిలో మాత్రం అన్నిటికన్నా పైది. మన వీణకు పక్కన ఉండే మూడు తాళపు తీగలను చిటికెన వేలితో మీటుతూ శ్రుతినీ లయనూ ఒకేసారి నిలబెట్టినట్టుగా, బాంజో వాద్యకారుడు ఈ పొట్టి తీగను బొటనవేలితో మీటుతూ ఒకే స్వరాన్ని పాట పొడవునా మోగిస్తూ ఉంటాడు. పాట ఎటు తిరిగినా ఆ స్వరం అక్కడే ఉంటుంది.

ఆ పొట్టి తీగ ఎక్కడి నుంచి వచ్చిందన్న ప్రశ్నే బేలా ఫ్లెక్‌ను ఆఫ్రికాకు తీసుకువెళ్లింది. బాంజో అనగానే అమెరికాలో అపలాచియా కొండల్లోని తెల్లవారి పల్లె సంగీతం మనసులో మెదలడం చాలాకాలంగా ఉన్న అలవాటు. నిజానికి ఈ వాద్యాన్ని రూపొందించినది ఆఫ్రికా నుంచి బానిసలుగా తరలించబడిన ప్రజలు. 17వ శతాబ్దిలో కరేబియన్ దీవుల్లో, తోటల్లో పనిచేస్తున్న ఆ ప్రజల చేతుల్లో దీని తొలి రూపాలు కనిపిస్తాయి. హాన్స్ స్లోన్ అనే ఆంగ్ల వైద్యుడు 1687–89లో జమైకాలో ఉన్నప్పుడు చూసిన అలాంటి వాద్యాల బొమ్మను 1707లో అచ్చువేయించాడు. సూరినామ్‌లో 1770ల నాటికి సేకరించబడిన సొరకాయ బుర్ర బాంజో ఒకటి నెదర్లాండ్స్‌లోని లైడెన్ మ్యూజియంలో నేటికీ భద్రంగా ఉంది. తరువాత అమెరికా అధ్యక్షుడైన థామస్ జెఫర్సన్ కూడా వర్జీనియా గురించి రాస్తూ, ఈ వాద్యాన్ని వారు ఆఫ్రికా నుంచే తెచ్చుకున్నారని స్పష్టంగా పేర్కొన్నాడు. 1840ల నుంచి తెల్లజాతి వినోదకారులు ముఖాలకు నల్లరంగు పూసుకుని, నల్లవారిని హేళన చేసే ప్రదర్శనల్లో దీన్ని ఊరూరా తిప్పారు. ఆ ప్రదర్శనల వల్ల వాద్యానికి దేశమంతటా ప్రచారం వచ్చింది. దాన్ని సృష్టించిన వారికి మాత్రం అవమానం మిగిలింది. కాలక్రమాన నల్లజాతి సంగీతకారుల్లో చాలామంది దాన్ని వదిలిపెట్టడానికి ఆ అవమానం కూడా ఒక బలమైన కారణం. వాద్యాన్ని కన్నవారి నుంచే వాద్యం దూరమైపోయిన ఈ చరిత్ర తెలియకుండా వింటే, ఈ ఆల్బమ్ ఒక అందమైన విహారయాత్రగా మాత్రమే అనిపిస్తుంది.

గాంబియా, సెనెగల్ ప్రాంతాల జోలా ప్రజలకు అకోంటింగ్ అనే వాద్యం ఉంది. సొరకాయ బుర్రకు మేకతోలు బిగించి, గుండ్రని కర్రను మెడగా దూర్చి, మూడు తీగలు కడతారు. వాటిలో ఒకటి పొట్టిది, బొటనవేలికి దగ్గరగా ఉండేది. వాయించే పద్ధతి ఇంకా విశేషమైనది. చూపుడువేలి గోటితో తీగను కిందికి కొట్టి, వెంటనే బొటనవేలితో పొట్టి తీగను మీటుతారు. 1850లలో అమెరికాలో అచ్చయిన తొలి బాంజో శిక్షణ గ్రంథాల్లోని పద్ధతీ, అపలాచియా ముసలివారు నేటికీ వాయించే పద్ధతీ దాదాపు ఇదే. ఈ పోలికను లోకం దృష్టికి తెచ్చినవాడు జోలా జాతికి చెందిన గాంబియా పరిశోధకుడు డేనియల్ జట్టా. బాంజోకు అకోంటింగ్ ఒక్కటే మూలమని పండితులందరూ ఒప్పుకోరు. పశ్చిమాఫ్రికాలో ఇటువంటి తోలు వాద్యాలు డజన్లకొద్దీ ఉన్నాయి, వాటి జ్ఞాపకాలు కరేబియన్‌లో కలిసిపోయి కొత్త రూపం తీసుకున్నాయన్నది ఎక్కువమంది అంగీకరించే మాట. నాకు కూడా అదే సబబనిపిస్తుంది. బానిస ఓడల్లో ఒక జాతివారే రాలేదు కదా.

ఇక బేలా ఫ్లెక్. 1958లో న్యూయార్క్‌లో పుట్టాడు. ఆయన పూర్తి పేరులో బార్తోక్, వెబెర్న్, యానాచెక్ అనే ముగ్గురు ఐరోపా స్వరకర్తల పేర్లు ఉన్నాయి. బాల్యంలో టెలివిజన్‌లో ఎర్ల్ స్క్రగ్స్ బాంజో విని ముగ్ధుడయ్యాడు. పదిహేనేళ్ల వయసులో తాతగారు ఒక బాంజో కొనిపెట్టారు. ఎర్ల్ స్క్రగ్స్ సంగతి ఇక్కడ రెండు మాటలు చెప్పాలి. నార్త్ కరోలినాకు చెందిన ఈయన 1945 చివర బిల్ మన్రో బృందంలో చేరి, బొటనవేలు, చూపుడువేలు, మధ్యవేలు అనే మూడింటితో ఆగకుండా మీటే పద్ధతిని దేశమంతటికీ వినిపించాడు. బ్లూగ్రాస్ అనే అమెరికన్ పల్లె సంగీతానికి ఆ నాదమే ఆనవాలు అయింది. ఆ పద్ధతిలోని ఒక ప్రధానమైన అల్లికను మన లయ భాషలో చెబితే, ఎనిమిది చిన్న అక్షరాలను ‘తకిట తకిట తక’ అని మూడు, మూడు, రెండుగా విరవడం. పాట నాలుగు, నాలుగుగా నడుస్తుంటే వేళ్లు మూడు, మూడు, రెండుగా పరుగెత్తుతాయి. ఆ రాపిడి వల్లనే బ్లూగ్రాస్ బాంజో ఎప్పుడూ ముందుకు ఉరుకుతున్నట్టు అనిపిస్తుంది. ఈ విరుపు కరేబియన్ సంగీతంలోనూ పశ్చిమాఫ్రికా సంగీతంలోనూ విరివిగా ఉంది. కాబట్టి ఫ్లెక్ ఆఫ్రికాకు వెళ్లినప్పుడు, అక్కడి లయకు ఆయన వేళ్లు పూర్తిగా పరాయివి కావు.

ఆయన అంతకుముందే అనేక దారుల్లో నడిచాడు. 1988లో ‘ఫ్లెక్‌టోన్స్’ అనే బృందాన్ని కట్టి జాజ్ సంగీతంలోకి బాంజోను తెచ్చాడు. 1996లో మన విశ్వమోహన్ భట్ గారి మోహనవీణతోనూ చైనా ఎర్హు వాద్యంతోనూ కలిసి ఒక ఆల్బమ్ చేశాడు. 2001లో ‘పర్పెచువల్ మోషన్’ అనే ఆల్బమ్‌లో బాఖ్, స్కార్లాటీ, షోపాన్, పగనీనీల రచనలను బాంజో మీద వాయించాడు. ఆ చివరిది అద్భుతమైన సాధన. పగనీనీ వయొలిన్ కోసం రాసిన ఎడతెగని స్వరప్రవాహాన్ని వేగం తగ్గకుండా బాంజో మీద వినిపించడం మామూలు విషయం కాదు. అయినా నా మనసులోని మాట చెబుతాను. ఆ ఆల్బమ్‌లో త్వరితగతిలో సాగే రచనలు బాంజోకు చక్కగా అమరాయి, ఎందుకంటే ఆరిపోయే స్వరం వెనుకనే మరొక స్వరం వచ్చి ఆ లోటు తెలియనివ్వదు. విలంబంగా సాగవలసిన చోట్ల మాత్రం స్వరానికీ స్వరానికీ మధ్య ఏర్పడిన ఖాళీని నింపడానికి వాద్యం దగ్గర ఏమీ లేదు. అక్కడ ఆ ఖాళీ ఒక లోపంగా వినిపించింది. ఆఫ్రికా ఆల్బమ్‌కు వచ్చేసరికి అదే ఖాళీ పాటలో భాగమైంది. ఎలా అయిందో చెబుతాను.

2005లో ఆయన తన బాంజోతో, చిన్న రికార్డింగు బృందంతో ఉగాండా, టాంజానియా, గాంబియా, మాలీ దేశాలకు వెళ్లాడు. ఆయన సవతి తమ్ముడు సాషా పలాడినో ఆ ప్రయాణాన్ని ఆల్బమ్ పేరుతోనే డాక్యుమెంటరీ చిత్రంగా తీశాడు. స్టూడియోలకు అందరినీ పిలిపించుకోకుండా చాలా రికార్డింగులను వారి ఊళ్లలోనే, వారి ముంగిళ్లలోనే చేశారు. అందువల్ల కొన్ని రికార్డుల్లో చుట్టుపక్కల గాలి, జనం అలికిడి కూడా తెలుస్తాయి.

ఆల్బమ్ మొదటి రచన ‘తులినెసంగలా’. తూర్పు ఉగాండాలోని నకిసెన్యి గ్రామపు స్త్రీలు పాడినది. ఒక ప్రసిద్ధ వాద్యకారుడి ఆల్బమ్ మొదట పల్లె స్త్రీల గొంతులతో ఆరంభం కావడమే ఒక ప్రకటన. బాంజో ఆ గొంతుల కింద నడుస్తుంది. వారి తాళం మీద తన అల్లికను పరచడమే తప్ప, వారిని దాటి ముందుకు రాదు. అదే గ్రామంలోని పెద్ద చెక్క వాద్యం గురించి కూడా చెప్పాలి. బుసోగా ప్రాంతంలో ఎంబైరె అని పిలిచే ఈ వాద్యంలో పొడవాటి చెక్క పలకలను అరటి బోదెల మీద పరుస్తారు. కింద నేలలో గుంత తవ్వుతారు. ఆ గుంతే దాని నాదపేటిక. అటు ఇటు కూర్చున్న అనేకమంది వాద్యకారులు ఒకరి దెబ్బల మధ్య ఖాళీలో మరొకరు కొడతారు. ఎవరి చేతిలోనూ పాట పూర్తిగా ఉండదు, అందరి దెబ్బలూ కలిస్తేనే పాట. ఫ్లెక్ ఆ గుంపులో ఒకడిగా చేరినప్పుడు, బాంజో కూడా ఆ అల్లికలో ఒక పోగు కావలసి వచ్చింది. చటుక్కున పలికి చటుక్కున ఆరిపోయే బాంజో నాదం ఆ చెక్క నాదానికి దగ్గరి చుట్టం. నేను మొదట చెప్పిన లోపం ఇక్కడ సుగుణంగా మారడం మీరు గమనించవచ్చు. దీర్ఘంగా మోగే వాద్యమేదైనా అక్కడ ఉంటే పక్కవారి దెబ్బల మీద పరుచుకుని అల్లికను చెరిపివేసేది.

టాంజానియాలో రికార్డు చేసిన వాటిలో అనానియా న్గోలిగా రచనలు ఈ ఆల్బమ్‌కే తలమానికమని నా అభిప్రాయం. చూపులేని ఈ కళాకారుడు ఇలింబా అనే వాద్యం వాయిస్తాడు. చెక్కపెట్టె మీద వరుసగా బిగించిన లోహపు రేకులను రెండు బొటనవేళ్లతో మీటే వాద్యమిది. మధ్య టాంజానియాలోని గోగో ప్రజల సంగీతంలో దానికి పెద్ద స్థానం ఉంది. ఆ ప్రజలకు చెందిన జావోసే కుటుంబం కూడా ఈ ఆల్బమ్‌లో ఒక రచన పాడింది. న్గోలిగాతో చేసిన ‘కబీబీ’లో ఇలింబా, బాంజో రెండూ మీటు వాద్యాలే, రెండూ తొందరగా ఆరిపోయేవే. ఎవరి స్వరం ఎక్కడ ముగిసిందో, ఎవరిది ఎక్కడ మొదలైందో కొన్నిచోట్ల గుర్తుపట్టడం కష్టం. న్గోలిగా గొంతులోని ఉల్లాసం, ఆకస్మికమైన మలుపులు ఫ్లెక్‌ను తన పాఠాలు మరచిపోయేట్టు చేశాయనిపిస్తుంది. ఆల్బమ్ చివర కూడా ఆయనే మళ్లీ వస్తాడు. అక్కడ ఇద్దరూ వేళ్ల ఆటకు దిగి, ఒకరి పలుకును ఒకరు అందుకుని తిరిగి ఇస్తారు. మన కచేరీలో తనియావర్తనం అయ్యేటప్పుడు మృదంగం, ఘటం ఒకదానికొకటి జవాబు చెప్పుకునే తీరును ఇష్టపడే వారెవరికైనా అది వెంటనే నచ్చుతుంది.

గాంబియాలో జట్టా కుటుంబంతో చేసిన రికార్డు చరిత్ర దృష్ట్యా చాలా ముఖ్యమైనది. అకోంటింగ్, బాంజో ఒకే తావులో కూర్చుని మోగడం అందులో వినవచ్చు. సంగీతంగా అది ఆల్బమ్‌లో అన్నిటికన్నా గొప్పదని నేను చెప్పను. వినేవారు అక్కడ ఒక నాటకీయమైన కలయికను ఆశిస్తారు. రికార్డులో ఉన్నది మాత్రం సాదాసీదా ఊరి పాట, తన దారిన తాను నడిచే మూడు తీగల వాద్యం. అది అలా ఉండటమే నిజాయితీ. ఎన్నో తరాలుగా వారి ఊరిలో వారికోసం మోగుతున్న వాద్యం, బాంజోకు పూర్వీకురాలినని నిరూపించుకోవడానికి ప్రత్యేకంగా ఏమీ చేయవలసిన పని లేదు.

మాలీ దేశానికి వచ్చేసరికి సంగీతం స్వభావం పూర్తిగా మారిపోతుంది. అక్కడ రాజుల వంశచరిత్రలను తరతరాలుగా పాడే గ్రియోలు ఉన్నారు, వారి న్గోని అనే తోలు వీణ ఉంది, 21 తీగల కోరా ఉంది. ఫ్లెక్‌తో కలిసి వాయించిన బస్సెకు కుయాటే న్గోని సంప్రదాయంలో పుట్టినవాడు. ఆ వాద్యాన్ని నిలబడి, మెడకు పట్టీ తగిలించుకుని, వేదిక మధ్యకు తెచ్చినవాడు. ఆల్బమ్ పేరునే ధరించిన రచనలో ఆయనా, హరూనా సమాకే ముగ్గురి బృందమూ ఫ్లెక్‌తో కలిశారు. 2010లో ఈ ఆల్బమ్‌కు సమకాలీన ప్రపంచ సంగీత విభాగంలో గ్రామీ పురస్కారం రాగా, ఈ ఒక్క రచనకు వేరొక విభాగంలో మరొకటి వచ్చింది. ఇటువంటి మాలీ సంగీతంలో తరచుగా పన్నెండు అక్షరాల ఆవృత్తం ఉంటుంది. దాన్ని నాలుగు తకిటలుగానూ వినవచ్చు, మూడు తకధిమిలుగానూ వినవచ్చు. అక్కడి వాద్యకారులు ఆ రెండు లెక్కల్నీ ఒకేసారి సజీవంగా ఉంచుతారు. బాంజో వాద్యకారుడు తన మూడు వేళ్ల అలవాటుతో తకిటల వైపు ఒరిగిపోవడం సహజం. ఫ్లెక్ అలా ఒరగకుండా, రెండు లెక్కల నడుమ నిలబడటానికి చేసే ప్రయత్నం జాగ్రత్తగా వింటే తెలుస్తుంది.

ఇప్పుడు ఊము సంగారే గురించి. మాలీ దక్షిణాన వస్సూలూ అనే ప్రాంతపు సంగీతానికి ఈమె ప్రతినిధి. బలవంతపు పెళ్లిళ్లనూ బహుభార్యత్వాన్నీ తన పాటల్లో బాహాటంగా నిరసించి, ఆ దేశపు స్త్రీల గొంతుగా నిలిచిన గాయని. ఆమె 1996 నాటి ఆల్బమ్‌లో పాడిన ‘జోరోలెన్’ అనే పాటను ఫ్లెక్‌తో మళ్లీ పాడింది. తీరికగా, బరువుగా సాగే పాట. నేను ఇందాక చెప్పినట్టు, విలంబగతి బాంజోకు పరీక్ష. పగనీనీని పరుగెత్తించిన వేళ్లు ఇక్కడ ఏం చేశాయి? దాదాపు ఏమీ చేయలేదు, అదే గొప్పతనం. ఆమె ఒక పాదం పాడి ఆపినప్పుడు కొన్ని స్వరాలు, ఆ స్వరాలు ఆరిపోయేదాకా మౌనం, ఆ మౌనంలోకి మళ్లీ ఆమె గొంతు. స్వరం ఆరిపోతుందన్న భయంతో మరిన్ని స్వరాలు పోసి ఉంటే పాట చెడిపోయేది. అవి ఆరిపోనిచ్చి, గాయనికి చోటిచ్చాడు. మన వయొలిన్ విద్వాంసుల్లో పెద్దలు కొందరు గాయకుడి ఆలాపన వెనుక ఒక్క కమానుతో ఒక్క స్వరాన్ని పట్టుకుని ఊరుకునేవారు. బాంజోకు కమాను లేదు కనుక ఆ ఊరుకోవడం నిజంగానే నిశ్శబ్దమైంది. ఈ ఒక్క పాట కోసమైనా ఈ ఆల్బమ్‌ను మీరందరూ వినాలని నేను మనస్ఫూర్తిగా కోరుకుంటాను.

మిగిలిన వాటిని క్లుప్తంగా ప్రస్తావిస్తాను. మడగాస్కర్ గిటారిస్టు డిగారీ వేగం, దక్షిణాఫ్రికా గాయకుడు వూసీ మహ్లసేలా తనను పెంచిన అవ్వ ధైర్యాన్ని తలచుకుంటూ కట్టిన ‘తుల మామా’, మాలీ ఉత్తరాన నియాఫుంకే నుంచి వచ్చిన అఫెల్ బోకుమ్ పాట, ఇవన్నీ వినదగ్గవే. అయితే 18 రచనలు ఒకే ఆల్బమ్‌లో కూర్చడం వల్ల చెవి ఒక రీతికి అలవాటు పడేలోగానే మరొకటి మొదలవుతుంది. ఉగాండా, టాంజానియా రచనలను ఒకచోట, మాలీ రచనలను మరొకచోట కూర్చి ఉంటే ఒక్కొక్క ప్రాంతపు స్వభావం నిదానంగా తెలిసేది. ఇప్పుడున్న వరుస వైవిధ్యాన్ని చాటుతుంది కానీ లోతును కొంత పోగొడుతుంది. ఇది నా ఫిర్యాదు.

మరొక విషయం గురించి కూడా ఆలోచించాలి. ఆల్బమ్ పేరు టాంజానియా తీరంలోని బగమోయో పట్టణం పేరుకు ప్రచారంలో ఉన్న ‘నీ గుండెను దించేయి’ అనే అర్థం నుంచి తీసుకున్నది. లోపలి ప్రాంతాల నుంచి నడిపించుకువచ్చిన బానిసలను జాంజిబార్‌కు ఓడ ఎక్కించిన రేవు అది. సముద్రం కంటపడగానే ఇక తిరిగి వెళ్లలేమని గుండె అక్కడే దించేసుకున్నారన్నది ఆ కథ. హృదయాన్ని కలచివేసే పేరే, సందేహం లేదు. కానీ బాంజో పూర్వీకులు ఎక్కిన ఓడలు బయలుదేరింది పశ్చిమ తీరం నుంచి, అట్లాంటిక్ మీదుగా. బగమోయో రేవు చూసేది హిందూ మహాసముద్రం వైపు. ఈ రెండు బానిస వ్యాపారాలనూ ఒకే పేరు కింద కలిపేయడం వల్ల వినేవారికి చరిత్ర తారుమారయ్యే ప్రమాదం ఉంది. ఆ తూర్పు తీరం కథ అమెరికా కన్నా మనకే దగ్గర. సముద్రం దాటి మన దేశానికి చేరిన ఆఫ్రికా సంతతివారిని మనం సిద్దీలు అంటాం. హైదరాబాదులో ఏ.సి. గార్డ్స్ అని పిలిచే పేటకు ఆ పేరు నిజాం కొలువులోని ఆఫ్రికన్ కావల్రీ గార్డ్స్ అనే ఆశ్వికదళం నుంచి వచ్చింది. అక్కడి సిద్దీలూ యెమెన్ నుంచి వచ్చిన అరబ్బు సంతతివారూ కాపాడుకున్న మర్ఫా వాద్యమేళం నేటికీ పాతబస్తీ పెళ్లి బారాతుల్లో మోగుతోంది. ఆఫ్రికా నుంచి బయలుదేరిన లయ ఒకవైపు బాంజోగా, మరొకవైపు మర్ఫాగా స్థిరపడిందని నేను ఒకే గాట కట్టడం లేదు. అవి వేర్వేరు ప్రజల వేర్వేరు సంగీతాలు. అయినా ఈ ఆల్బమ్ విన్న హైదరాబాదు శ్రోత తన ఊరి వీధిలోని ఆఫ్రికాను కూడా ఒకసారి శ్రద్ధగా వినడం న్యాయంగా ఉంటుంది.

మన సంగీతంతో ఫ్లెక్ అనుబంధం గురించి అడుగుతారని తెలుసు కనుక ముందే చెబుతాను. తబలా విద్వాంసుడు జాకిర్ హుస్సేన్, డబుల్ బేస్ వాద్యకారుడు ఎడ్గర్ మేయర్‌లతో ఆయన 2009లో ‘ది మెలొడీ ఆఫ్ రిథమ్’ చేశాడు. 2023లో ఆ ముగ్గురికీ వేణువు విద్వాంసుడు రాకేశ్ చౌరాసియా తోడై ‘యాజ్ వి స్పీక్’ వచ్చింది; 2024లో దానికి రెండు గ్రామీ పురస్కారాలు దక్కాయి. ఆ ఏడాది డిసెంబరులోనే జాకిర్ హుస్సేన్ గారిని మనం పోగొట్టుకున్నాం. ఈ ఆల్బమ్‌లో వేణువు ఊపిరి, బేస్ మీద కమాను ఒక స్వరాన్ని ఎంతసేపైనా నిలుపుతాయి. బాంజో, తబలా రెండూ చర్మం మీది నుంచి పలికి ఆరిపోతాయి. నలుగురి మధ్య పనుల పంపకం దానంతట అదే కుదిరింది. బాంజో మీద మన గమకాలు పలకవా అంటే, తీగను పక్కకు లాగి కొంతవరకు పలికించవచ్చు, కానీ నాదం ఆయువు చాలదు. మన పాలకొల్లు బిడ్డ మాండొలిన్ శ్రీనివాస్ ఇదే చిక్కును ఎదుర్కొన్నాడు. జంటతీగల మాండొలిన్‌ను ఐదు ఒంటితీగల విద్యుత్ మాండొలిన్‌గా మార్చుకుని, స్వరానికి ఆయువు పెంచి, కర్ణాటక సంగీతానికి తగినట్టు వాద్యాన్నే మలచుకున్నాడు. ఆయన వాద్యాన్ని సంగీతం దగ్గరకు తెచ్చాడు. ఫ్లెక్ తన వాద్యాన్ని ఉన్నదున్నట్టు ఉంచి, తాను ఎంత తక్కువ వాయించాలో నేర్చుకున్నాడు. నాకు రెండు మార్గాలూ పూజ్యమైనవే. కర్ణాటక సంగీతాన్ని బాంజో మీద సంపూర్ణంగా పలికించాలనుకునే యువకులెవరైనా ఉంటే మాత్రం, వారికి శ్రీనివాస్ మార్గమే శరణ్యమని నా నమ్మకం.

ఆఫ్రికా ప్రయాణం ఆ ఆల్బమ్‌తో ఆగలేదు. కోరా విద్వాంసుడు తుమాని జబాతేతో ఫ్లెక్ కలిసి చేసిన కచేరీల రికార్డు ‘ది రిపుల్ ఎఫెక్ట్’ పేరుతో 2020లో వెలువడింది. ఆఫ్రికా రికార్డింగులన్నిటినీ ఒక సంపుటంగా తెచ్చినప్పుడు దాన్ని కూడా చేర్చారు. జబాతే 2024 జూలైలో మరణించారు. కోరా తీగలు బాంజో కన్నా చాలా మెత్తగా, నిదానంగా మోగుతాయి కనుక అక్కడ బాంజో గట్టిగా వినిపించే ప్రమాదం ఎప్పుడూ ఉంటుంది. ఫ్లెక్ చేతి బరువును ఎక్కడెక్కడ తగ్గించాడో గమనిస్తూ వింటే విద్యార్థులకు అదొక పాఠం.

ఇప్పుడు ఆల్బమ్ నుంచి ‘మరియమ్’ అనే రచన వినిపిస్తాను. ఇందులో గిటార్ వాయించినది జెలిమాది తుంకారా. బమాకో రైల్వే స్టేషన్ హోటల్లో ప్రయాణికుల కోసం వాయిస్తూ 1970లో మొదలై ఖండమంతా పేరు పొందిన రైల్ బ్యాండ్‌లో ఆయన దశాబ్దాల పాటు ప్రధాన గిటారిస్టు. మొదటిసారి వింటున్నప్పుడు గిటార్‌ను మాత్రమే అనుసరించండి. తరువాత మరొకసారి వేస్తాను, అప్పుడు బాంజో పొట్టి తీగ మీద చెవి పెట్టండి. ఆ ఒక్క స్వరం ఎక్కడ మోగుతోందో, గిటార్ పైస్థాయికి వెళ్లినప్పుడు అది ఎక్కడ తప్పుకుంటోందో గుర్తుపట్టండి. మీ ప్రశ్నలు ఆ తరువాత తీసుకుంటాను.